సంగమ్మ అడిగిన ఏనుగు

లక్డారంలో పెండ్లి కుదిరితే మొదట పంతులుకు కబురు పెట్టేవారు, ఆ వెంటనే సంగమ్మకు. పంతులుకు వీలుకాకపోతే పటాన్‌చెరు నుంచి ఇంకొకరిని తెచ్చుకోవచ్చు. సంగమ్మకు వీలుకాదంటే ముహూర్తం మార్చుకున్నవాళ్లు ఉన్నారు.

ఆమె పని ఎదురుకోళ్ల దగ్గర. పెండ్లికి ముందు ఆడపెండ్లివారు, మగపెండ్లివారు ఎదురెదురుగా నిలబడి, గులాలు పూసుకుని, షర్బత్ తాగుతారు. తర్వాత రెండు వైపుల ఆడవాళ్లూ ఎదుటివాళ్లను పాటతో తిడతారు. ఎంత తిట్టినా కోపం తెచ్చుకోకూడదు. తెచ్చుకున్నవాళ్లు ఓడినట్టు లెక్క. కోపం రాకుండా గంటసేపు తిట్టడం అందరికీ చేతనయ్యే పని కాదు.

సంగమ్మ గొంతు తీయనిదేమీ కాదు. తుప్పుపట్టిన బోరింగును కొట్టినట్టుండేది. కానీ పాట కట్టడంలో ఆమెకు ఒక పద్ధతి ఉంది. ముందు పెద్ద వస్తువు అడగాలి. దానికి బదులు ఎదుటివాళ్లు చిన్న వస్తువు తెచ్చారని చెప్పాలి. ఆ చిన్న వస్తువులోనూ ఒక లోపం చూపించాలి. నవ్వంతా ఆ లోపం దగ్గర వస్తుంది.

"ఏనుగు దెమ్మంటె ఎలుకను దెస్తిరి వియ్యాలవారు,
ఎలుకకు తోకైన లేదాయె మా యమ్మలాలా."

చిన్నప్పుడే భర్త పోతే పుట్టింటికి వచ్చేసింది. అన్న మల్లన్న తన ఇంటి పక్కన ఒక చిన్న గది, అర్ర, ఇచ్చాడు. తర్వాత మల్లన్న కూడా పోయాడు. వదిన బీరమ్మ, ఆమె కొడుకు ఐలన్న మిగిలారు. సంగమ్మ పటాన్‌చెరు దారిలోని ఒక మందుగోళీల కంపెనీలో ఖాళీ సీసాలు పెట్టెల్లో సర్దేది. కంపెనీ రాకముందు అదే జాగాలో జొన్న కోసింది. రెండు పనుల్లో ఏది నయమని ఎవరైనా అడిగితే, "కింద పడ్డా జొన్నలు పగులయి" అనేది.

ఆమెకు సమఉజ్జీ జిన్నారం పోశమ్మ. ఒక వైపు సంగమ్మ, ఇంకో వైపు పోశమ్మ ఉన్నారంటే వంటవాళ్లు కూడా గరిటెలు వదిలి వచ్చేవారు. ఇద్దరికీ బయట మాటలు తక్కువ. ఏళ్ల తరబడి పాటల్లో తిట్టుకున్నవాళ్లకు విడిగా మాట్లాడుకునేందుకు ఏముంటుంది.

1992 వేసవిలో ఐలన్నకు జిన్నారంలో పెండ్లి కుదిరింది. అమ్మాయి ఇందిర. తండ్రి పెద్దరాములు ఒక రసాయనాల కంపెనీలో వాచ్‌మన్. ఎదురుకోళ్లకు ముందురోజు బీరమ్మ అర్రలోకి వచ్చి తలుపు దగ్గరికి వేసింది.

"సంగమ్మా, రేపు పాటల స్కూటర్ పెట్టు."

"పెడత. స్కూటర్ అడిగితె ఏం తెచ్చిన్రని పెడుదం? తోపుడు బండి పెడుదమా?"

"ఏం తేవద్దు. స్కూటర్ అడుగు. దసరకు ఇయ్యాలె అను. అంతే."

"గట్లయితె ఎవ్వలు నవ్వరు గద వదినె."

"నవ్వుతె మర్చిపోతరు."

"మరి నువ్వే అడుగరాదు?"

"నేనడిగితె కట్నమంటరు. నువ్వడిగితె పాటంటరు."

సంగమ్మకు ఈ ఏర్పాటు నచ్చలేదు. అన్యాయం అని కాదు, పాట కుంటుతుందని. కానీ ఉంటున్న అర్ర బీరమ్మది. మర్నాడు ఏనుగు అడిగింది, ఎలుక వచ్చింది. జనం నవ్వారు. పోశమ్మ అవతలి నుంచి అందుకుంది:

"ఎలుకనె మీ పిలగాడు ఎక్కలేడు వియ్యాలవారు,
ఏనుగు నెట్లెక్కునమ్మ మా యమ్మలాలా."

ఐలన్న కూడా నవ్వాడు. సంగమ్మ పట్టుచీర అడిగింది, గోనెసంచి వచ్చింది, గోనెకు అడుగు లేదని తేలింది. దానికీ పోశమ్మ బదులు చెప్పింది. బంగారు ఉయ్యాల, దానికి తెగిన చేదతాడు. అప్పుడు బీరమ్మ వెనకనుంచి మోచేత్తో పొడిచింది.

"స్కూటరు దెమ్మంటిమి దసరకు ఇయ్యాలె వియ్యాలవారు,
మరువక దేవాలె పిలగానికి మా యమ్మలాలా."

పోశమ్మ నోరు తెరిచి, మూసుకుంది. ఎలుక ఉంటే ఎలుకను పట్టుకుని బదులు చెప్పొచ్చు. ఇక్కడ పట్టుకునేందుకు ఏమీ లేదు. మూతి నిండా గులాలుతో ముందు నిలబడ్డ పెద్దరాములు, గేటు దగ్గర ఎవరేం అడిగినా జవాబు చెప్పడం అలవాటైన మనిషి, "దసరకు సూస్త" అన్నాడు. ఎదురుకోళ్లలో పాటకు మాటతో జవాబు చెప్పడం ఆ ఊళ్లో అదే మొదటిసారి.

దసరా వచ్చింది, స్కూటర్ రాలేదు. ఇంకో దసరా వచ్చింది. ఈలోగా ఐలన్న హెల్మెట్ కొన్నాడు. స్కూటర్ వచ్చాక కొనాల్సిన వస్తువును ముందే కొన్నందువల్ల, అది పాడుకాకూడదని సైకిల్ తొక్కుతూ తలకు పెట్టుకుని తాను పనిచేసే కంపెనీకి వెళ్లేవాడు. గేటు దగ్గర బీహారీ కూలీలు "పైలట్ సాబ్ ఆగయే" అని, పైలట్ దొర వచ్చాడన్నట్టు, సలాం కొట్టేవారు. బీరమ్మ ఇంటి ముందు ఉన్న రెండు మెట్లు పగలగొట్టించి, స్కూటర్ ఎక్కేందుకు వీలుగా సిమెంటు జారుడు కట్టించింది. ఆ జారుడును ఇందిర రోజూ కడిగి ముగ్గు వేయాలి. వానాకాలంలో ఇంట్లోవాళ్లు ముగ్గురూ దాని మీద వంతులవారీగా జారిపడ్డారు.

ఇదంతా చూసిన ఊరివాళ్లు నవ్వుకున్నారు. ఇందిరకు మాత్రం నవ్వుకునే తీరిక లేదు. అప్పుడప్పుడు ఆమెను స్కూటర్ సంగతి అడిగి రమ్మని జిన్నారం తోలేవారు. తిరిగొస్తే బీరమ్మ గుమ్మంలో నిలబడి ఒకటే ప్రశ్న.

"ఏంటి మీద వచ్చినవ్?"

"బస్సు మీద."

ఆ పూట అన్నం ఉండేది కాదు. రెండో దసరా దాటాక ఒకరోజు తలుపే తీయలేదు. "దేని మీద వచ్చినవో దాని మీదనే పో" అని లోపలినుంచి వినిపించింది. ఇందిర సంచి పక్కన పెట్టుకుని జారుడు మీద కూర్చుంది. కూర్చున్నప్పుడల్లా కిందికి జారేది, మళ్లీ పైకి జరిగేది. వీధిలో అందరూ చూశారు. చివరికి సంగమ్మ తన అర్రలోకి తీసుకుపోయి అన్నం పెట్టి, పొద్దున బస్సెక్కించింది. వదినను మాత్రం ఒక్క మాట అనలేదు.

పెద్దరాములు కూతురిని వెంటబెట్టుకుని పోలీసు స్టేషన్‌కు వెళ్లాడు. కోడళ్లను వేధించిన భర్తల మీద, భర్తల బంధువుల మీద కేసు పెట్టే చట్టం వచ్చి అప్పటికి సుమారు పదేళ్లయింది. ఫ్యాక్టరీల ఊళ్లలో దాన్ని అందరూ ఫోర్ నైంటీ ఎయిట్ అనేవారు, బస్సు నంబరులాగా. హెడ్ కానిస్టేబుల్ ఏలీయా కాగితం ముందు పెట్టుకున్నాడు.

"స్కూటర్ ఎవరడిగిన్రు?"

"మా అల్లుడు, ఆయన తల్లి."

"ఎవరి ముందల?"

"ఇంట్ల. తలుపు దగ్గరేసి."

"గట్లయితె కోర్టుల నిలబడది పెద్దరాములూ. సాక్షులు గావాలె. నలుగురి ముందల అడిగినోళ్లు ఎవరన్న ఉన్నరా?"

పెద్దరాములు ఆలోచించాడు. "ఉన్నది. పిలగాని మేనత్త, సంగమ్మ. రెండూళ్ల జనం ముందల అడిగింది."

"గట్ల జెప్పు మరి. ఏమడిగింది?"

"ఏనుగు."

ఏలీయా పెన్ను కింద పెట్టాడు. "ఇంకేమన్న అడిగిందా?"

"పట్టుసీర. బంగారు ఉయ్యాల."

"పెద్దరాములూ, నాకు డ్యూటీ దిగే టైమైంది."

"స్కూటర్ గూడ అడిగింది."

ఏలీయా మళ్లీ పెన్ను తీశాడు. పక్కనుంచి ఇందిర తండ్రి చొక్కా లాగింది. "బాపూ, ఆమె నాకు అన్నం పెట్టింది."

"అన్నం పెట్టింది నిజమే. అడిగింది గూడ నిజమే."

"ఏనుగు రాయాల్నా సార్?" అని మళ్లీ పెద్దరాములే అడిగాడు.

"ఏనుగు రాస్తె ఎస్సై సారు నా మీద కేసు పెడతడు" అని ఏలీయా ఏనుగును, చీరను, ఉయ్యాలను వదిలేసి స్కూటర్ ఒక్కదాన్నే రాశాడు. ఆ విధంగా ఐలన్న ఒకటో ముద్దాయి, బీరమ్మ రెండో ముద్దాయి, సంగమ్మ మూడో ముద్దాయి అయ్యారు. మిగతా ఇద్దరూ అడిగినట్టు ఇందిర మాట తప్ప వేరే ఆధారం లేదు. సంగమ్మ అడిగినట్టు మాత్రం ఊరంతా సాక్ష్యమే.

జీపు గోళీల కంపెనీ గేటు ముందు ఆగినప్పుడు సంగమ్మ చేతిలో సీసా పగిలింది. కంపెనీలో ఆమె పగలగొట్టిన సీసా అదొక్కటే అని తోటివాళ్లు చెబుతారు. స్టేషన్‌లో మహిళా కానిస్టేబుల్ ఆమెను గుర్తుపట్టింది.

"మా అక్క పెండ్లిల పాడింది నువ్వే గదా అవ్వా. మా బావకు సైకిల్ తొక్కరాదని తిట్టినవ్."

"తొక్కొస్తదా ఇప్పుడన్న?"

"ఇంక రాలె."

"నా మీద కేసేంది బిడ్డా?"

"స్కూటర్ అడిగినవట."

"మరి ఏనుగు?"

"ఏనుగు లేదు ఇందుల."

"ఏనుగు ఇడిసిపెట్టి స్కూటర్ ఒక్కటే ఎట్ల రాస్తరు" అంది సంగమ్మ. "పాటల నడుమ ఒక్క ముక్క తెంపుకొస్తె అది పాటెట్లయితది?" ఆ ప్రశ్నకు జవాబు చెప్పే అధికారం తనకు లేదని కానిస్టేబుల్ టీ తెప్పించింది.

బెయిలు వచ్చింది. వకీలు బాపిరాజు భీమవరం దిక్కునుంచి వచ్చి సంగారెడ్డిలో స్థిరపడ్డవాడు. ముగ్గురినీ ఎదురుగా కూర్చోబెట్టి తన పద్ధతి చెప్పాడు. ఆయనకూ ఒక పద్ధతి ఉంది. లేదు, కాదు, తెలియదు.

"మీరు పాట పాడలేదండీ" అన్నాడు సంగమ్మతో.

"పాడిన గద సారూ."

"పాడలేదు. ఆ రోజు మీ గొంతు పోయింది. జలుబు."

"ఎండకాలమా?"

"ఎండాకాలం జలుబు మరీ చెడ్డదండీ. మాట పెగలదు."

"పెగిలింది సారూ. ఊరవతల దర్గా కాడికి ఇనొచ్చింది."

బీరమ్మ ఆమె తొడ గిల్లింది. సంగమ్మ జలుబుకు ఒప్పుకుంది.

కేసు వాయిదాల మీద వాయిదాలు పడింది. అది సంగమ్మకు పెద్ద కష్టం కాదు. సంగారెడ్డి బస్సులో కిటికీ పక్కన కూర్చోవడం ఆమెకు ఇష్టమే. కష్టం వేరే ఉంది. పెండ్లిళ్లకు పిలుపులు ఆగిపోయాయి. ఆమె పాడితే కేసవుతుందని మగపెండ్లివాళ్లకు భయం. ఆమె వస్తే మూడో ముద్దాయి వచ్చిందంటారని ఆడపెండ్లివాళ్లకు భయం. సంగమ్మకు పిల్లలు లేరు, పొలం లేదు, కంపెనీలో ఆమె పేరు కూడా ఎవరికీ తెలియదు, "సీసాలామె" అంటారు. పెండ్లికి పిలిచినప్పుడే ఆమె సంగమ్మ.

ఆ రెండు మూడేళ్లు చుట్టుపక్కల ఊళ్లలో ఎదురుకోళ్లు చూడదగ్గవిగా ఉండేవి కావు. రెండు పక్షాలూ గులాలు పూసుకుని, పెద్దమనిషి చావుకు వచ్చినట్టు నిలబడేవి. ఒక పెండ్లిలో మగపెండ్లివాళ్ల ఆడవాళ్లు ధైర్యం చేసి గొంతెత్తారు. "ఏనుగు మాకొద్దు, ఎలుక మాకొద్దు వియ్యాలవారు, ఏమొద్దు ఏమొద్దు ఏమొద్దు మాకు మా యమ్మలాలా." ఇది విన్న పిల్ల తండ్రి, ఏమొద్దంటే ఎక్కువే అడుగుతారని భయపడి మగపెండ్లివాళ్లను పక్కకు తీసుకుపోయి బతిమాలాడట.

విచారణ మొదలైంది. ఇందిర బోనెక్కి జరిగింది జరిగినట్టు చెప్పింది. హెల్మెట్ గురించి చెప్పింది, జారుడు గురించి చెప్పింది. సంగమ్మ పెట్టిన అన్నం గురించి ఎవరూ అడగకపోయినా చెప్పింది. తలుపేసి అడిగినదానికి సాక్షి ఎవరని బాపిరాజు అడిగితే, ఎవరూ లేరని ఒప్పుకుంది. తర్వాత పోశమ్మను పిలిచారు.

పోశమ్మ కొత్త చీర కట్టుకుని వచ్చింది. ప్రభుత్వ వకీలు, ఆ రోజు సంగమ్మ ఏమన్నదో చెప్పమన్నాడు.

"చెప్పుడు రాదు సారూ. పాడితెనే వస్తది."

మెజిస్ట్రేటు గడియారం వైపు చూసి, గొంతు తగ్గించి పాడమన్నాడు. గొంతు తగ్గించడం పోశమ్మకు జన్మలో తెలియదు. పక్క కోర్టు నుంచి గుమాస్తాలు వచ్చి తలుపు దగ్గర మూగారు. సంగమ్మ కట్టిన పాట మొత్తం పోశమ్మే పాడి, మధ్యలో తన జవాబులు కూడా పాడింది. ఎలుకను కూడా ఎక్కలేని పిలగాడు బోనులో తలవంచుకుని నిలబడ్డాడు.

జలుబు వాదం ఇక నిలవదని బాపిరాజు గ్రహించాడు. మంచి వకీలు గనక అక్కడే దారి మార్చాడు.

"ఏనుగు ఇచ్చారా మీ వాళ్లు?"

"యాడికెల్లి ఇస్తరు సారూ?"

"అంటే ఏనుగు హాస్యం."

"హాస్యమే."

"చీర, ఉయ్యాల?"

"అవి గూడ హాస్యమే."

"అదే పాట, అదే మనిషి, అదే రాగం. కాబట్టి స్కూటర్ కూడా హాస్యమే."

"కాదు."

"ఎందుక్కాదు?"

"ఏనుగుకు ఎలుక ఉన్నది. పట్టుసీరకు గోనె ఉన్నది. ఉయ్యాలకు సేదతాడు ఉన్నది. స్కూటర్‌కేమున్నది? ఏం లేదు. దసర ఉన్నది. తారీకు పెట్టి అడిగితె అది పాటెట్లయితది సారూ? వసూలయితది."

మెజిస్ట్రేటు తల ఎత్తి, టైపు చేసే గుమాస్తాను ఆ ముక్క సరిగ్గా కొట్టమన్నాడు. బాపిరాజు వెనక్కి తగ్గలేదు.

"స్కూటర్‌కు తగ్గ హాస్యం ఆమెకు తట్టలేదు, అంతేగా. పాట కట్టడం సరిగ్గా చేతకాలేదు. చేతకాని పాట నేరం కాదండీ."

"గదైతె నాకు దెల్వది. ఈడు మీద పడ్డది గద. తట్టలేదేమో."

బోనులోంచి సంగమ్మ చెయ్యి లేచింది. "సారూ, నాకు తట్టక గాదు."

"నీ వంతు వచ్చినప్పుడు చెప్పు. ఇప్పుడు కూర్చో" అన్నాడు మెజిస్ట్రేటు. కూర్చునేందుకు బోనులో ఏమీ లేదు. నిలబడే ఉంది.

బయటికి వచ్చాక బాపిరాజు సంతోషంగా ఉన్నాడు. "గెలిచినట్టేనండీ. వచ్చే వాయిదాకు మిమ్మల్ని అడుగుతారు. పాట కట్టడం నాకు సరిగ్గా రాదు, నోటికొచ్చింది పాడాను, అని ఒక్క ముక్క చెప్పండి. ముగ్గురూ ఇంటికెళ్లిపోతారు."

తిరుగు బస్సులో బీరమ్మ ఆమె పక్కన కూర్చుంది. ఎప్పుడూ లేనిది పల్లీలు కొనిపెట్టింది.

"ఒక్క ముచ్చటనే గద. రాదను."

"జలుబు చేసిందంటి. జరమొచ్చిందనుమంటె గది గూడ అంట. పాట రాదని ఎట్లంటనే వదినె?"

"కోర్టుల అన్నది ఎవలకు దెలుస్తది?"

"పోశమ్మకు దెలుస్తది. పోశమ్మకు దెలిస్తె సంగారెడ్డి దాంక దెలుస్తది. ఇగ నన్నెవలు పిలుస్తరు?"

"ఇప్పుడెవలు పిలుస్తున్నరు?"

ఐలన్న వెనక సీటులోంచి ముందుకు వంగాడు. "అత్తా, నేను జేలుకు పోతె కంపెనీల నౌకరి పోతది."

"రాదంటె రాదను" అంది బీరమ్మ. "అనకుంటె అర్ర ఖాళీ చెయ్యి." తర్వాత పల్లీల పొట్లం కూడా వెనక్కి తీసుకుంది.

వాయిదా రోజు కోర్టు నిండింది. పోశమ్మ పాడిందన్న వార్త విని, సంగమ్మ కూడా పాడుతుందేమోనని లక్డారం నుంచి, జిన్నారం నుంచి ఆడవాళ్లు వచ్చారు. సాక్ష్యం అయిపోయినా పోశమ్మ కూడా వచ్చి వెనక బల్ల మీద కూర్చుంది. ఇందిర తండ్రి పక్కన ఉంది.

"పెండ్లిలో పాట పాడావా?" అని మెజిస్ట్రేటు అడిగాడు.

"పాడిన."

బాపిరాజు తల ఊపాడు. ఇంతవరకు అనుకున్నట్టే ఉంది.

"స్కూటర్ అడిగావా?"

"అడిగిన."

"మిగతావన్నీ హాస్యంగా అడిగి, అదొక్కటీ అలా ఎందుకు అడిగావు?"

బాపిరాజు పెదవులు కదిలించాడు. రాదు, రాదు. బీరమ్మ పక్కనుంచి కొంగు లాగింది.

"నాకు పాట కట్టుడు..." అని సంగమ్మ ఆగింది. వెనక బల్ల మీద పోశమ్మ మెడ సాచి చూస్తోంది. "నాకు పాట కట్టుడు రాదని చెప్పమన్నరు సారూ."

"ఎవరు?"

ఆమె గడ్డంతో బాపిరాజును చూపించింది. ఆయన కళ్లద్దాలు తీసి తుడుచుకోవడం మొదలుపెట్టాడు. సంగమ్మ బోను కర్ర మీద చెయ్యి వేసి, ఎవరి అనుమతీ అడగకుండా ఎత్తుకుంది.

"స్కూటరు దెమ్మంటె సుట్టబట్ట దెస్తిరి వియ్యాలవారు,
సుట్టల గాలైన లేదాయె మా యమ్మలాలా."

సుట్టబట్ట అంటే బిందె కింద నెత్తిన పెట్టుకునే గుడ్డ చుట్ట. టైరులాగే గుండ్రంగా ఉంటుంది. టైపు గుమాస్తా నవ్వును దగ్గుగా మార్చుకున్నాడు. మెజిస్ట్రేటు కిటికీ వైపు తిరిగాడు. వెనక బల్ల మీది నుంచి పోశమ్మ, "ఔ, గిది పాట" అంది.

"గిసొంటివి ఎన్నంటె అన్ని కడత" అంది సంగమ్మ. "ఆ పొద్దు నన్ను కట్టనియ్యలె సారూ. నవ్వుతె మర్చిపోతరు, ఉత్తగ అడుగు అన్నది మా వదినె. తానడిగితె కట్నమంటరట, నేనడిగితె పాటంటరట. ఆ స్కూటర్ ముక్క నాది గాదు. నాది గానిదాన్ని నా నెత్తిన పెట్టకున్రి."

బీరమ్మ అప్పటికే ఆమె వైపు పూర్తిగా తిరిగింది. "అన్న. అడుగుమన్న. అడుగుమంటినిగని, కోర్టుకచ్చి చెప్పుమన్ననా నిన్ను?"

కోర్టులో టైపు మిషను చప్పుడు ఒక్కటే వినిపించింది. ఆ వాక్యం పూర్తిగా పడేదాకా గుమాస్తా ఆగలేదు. బాపిరాజు కళ్లద్దాలు తుడుస్తూనే ఉన్నాడు.

ఒక ముద్దాయి చెప్పినదాన్ని ఇంకో ముద్దాయి మీద వాడకూడదని ఆయన తర్వాత చక్కగా వాదించాడు. కానీ రెండో ముద్దాయి తన మీద తానే చెప్పుకున్నదానికి ఆయన దగ్గర మందు లేదు. అంతా పూర్తయ్యాక మెజిస్ట్రేటు ఇందిర చెప్పింది నమ్మదగినదని తేల్చి తల్లికొడుకులకు శిక్ష వేశాడు, సంగమ్మను వదిలేశాడు. తల్లికొడుకులు అప్పీలుకు పోయి బెయిలు మీద ఇంటికి వచ్చారు. ఇందిర ఆ ఇంటికి తిరిగి వెళ్లలేదు. ఒక కంపెనీ ప్యాకింగులో చేరింది, బస్సు మీదే పోయి వస్తోంది.

సంగమ్మ అర్ర ఖాళీ చేసింది. పటాన్‌చెరులో ఒడిశా కూలీలు ఉండే వరుసలో ఒక కిరాయి గదిలో చేరింది. కోర్టులో ఆమె పాడిన సుట్టబట్ట పాట ఊరూరా తిరిగింది, ఆటోవాళ్లు కూడా పాడారు. పాట తిరిగింది గానీ పాట కట్టిన మనిషికి పిలుపు రాలేదు. ఇప్పుడు జనం భయం ఇంకో రకం. పిలిస్తే పాడుతుంది సరే, తర్వాత ఎవరు ఏం పాడమన్నారో కూడా చెబుతుంది. పెండ్లిలో అలాంటి మనిషి ఎవరికి కావాలి. ఒక పెండ్లిళ్ల కాలం గడిచింది. ఇంకొకటి సగం గడిచింది. ఆమె గదిలో పాడుకుంటే పక్కగదిలోని ఒడిశా పిల్లలు భాష తెలియకపోయినా తిడుతోందని గుర్తుపట్టి నవ్వేవారు.

ఒక ఆదివారం పెద్దరాములు వచ్చాడు. లోపలికి రమ్మంటే రాలేదు, గుమ్మం దగ్గరే నిలబడ్డాడు.

"మా సిన్న బిడ్డ లగ్గం. ఎదురుకోళ్లకు రావాలె."

"పోశమ్మ ఉన్నది గద మీకు."

"ఉన్నది. సంగమ్మను పిలిస్తెనే నేనొస్త అన్నది. ఒక్కదాన్నే పాడి పాడి యాష్టకొచ్చిందట."

సంగమ్మ పైకి ఏమీ కనపడనీయలేదు. లేచి ముంతలో నీళ్లు ఇచ్చింది. ఆయన తాగి, ముంత తిరిగి ఇవ్వకుండా చేతిలో తిప్పుతూ నిలబడ్డాడు.

"కేసుల నీ పేరు రాయించింది నేనే."

"ఎరికే. ఏనుగును ఇడిసిపెట్టి రాయించినవ్."

"అది ఏలీయా సారు ఇడిసిండు."

"ఎవలిడిసినా తప్పే. వస్త పో."

పెండ్లికొడుకువాళ్లది సంగారెడ్డి అవతల ఊరు. జాగ్రత్తగా వచ్చారు. పాడేవాళ్లను తీసుకురాలేదు. వాళ్లలో పెద్దమనిషి, పెండ్లికొడుకు తండ్రి, బస్సు దిగగానే, ఇద్దరిని సాక్షులుగా పక్కన నిలబెట్టుకుని, "మాకేం వద్దు, మేమేం అడుగం, అందరు ఇనున్రి" అని గట్టిగా చెప్పాడు. గులాలు అయింది. షర్బత్ అయింది. ఆడపెండ్లివారి వైపు పోశమ్మ, సంగమ్మ పక్కపక్కన నిలబడ్డారు. పోశమ్మ ఒక పాట ఎత్తి, పూర్తిచేసి, ఎదుటివైపు చూసింది. అక్కడ అందరూ చెప్పుల వైపు చూస్తున్నారు. ఇంకోటి పాడింది. ఎవరూ కదల్లేదు.

"గిట్లయితె గోడకు పాడినట్టే" అంది పోశమ్మ.

సంగమ్మ కొంగు దోపుకుని నడుమ ఉన్న జాగా దాటి పెండ్లికొడుకువాళ్ల వైపు నడిచింది. పెద్దమనిషి చేతులు అడ్డం పెట్టాడు.

"అవ్వా, నీకు దండం పెడత, మా దిక్కు రాకు. పిలగానికి కంపెనీల పర్మినెంటు అయ్యేదున్నది."

"బుగులు పడకు పటేలా. నేనడిగేది ఎవ్వల దగ్గర దొరకది."

ఆయన పక్కకు జరిగే లోపలే వాళ్ల వైపు నిలబడి, పోశమ్మ మొహం మీదికి చెయ్యి చాపి మొదలుపెట్టింది.

"మొగులును దెమ్మంటె దూదిని దెస్తిరి వియ్యాలవారు,
దూదిల గింజలె ఉన్నయమ్మ మా యమ్మలాలా."

మొగులు అంటే మబ్బు. అవతల పోశమ్మ చీర సర్దుకుంది. ఎన్నేళ్ల తర్వాతో ఆమె మొహంలో పని దొరికిన మనిషి కళ వచ్చింది. ఆమె బదులిచ్చే లోపలే, పెండ్లికొడుకు తల్లి, అప్పటిదాకా మొగుడి వెనక దాక్కున్న మనిషి, "మా యమ్మలాలా" అని గొంతు కలిపింది. పెద్దమనిషి ఆమె కొంగు పట్టుకుని వెనక్కి గుంజాడు. ఆమె కొంగు విడిపించుకుని సంగమ్మ పక్కన వచ్చి నిలబడింది.